రెండు యూరో సెంట్ల వ్యాపారం: కెన్యా గులాబీ ఎగుమతుల లెక్క

(పాలీహౌస్ పూల రైతులు, ఉద్యాన విద్యార్థుల సమావేశంలో చేసిన ప్రసంగం. రికార్డింగ్ నుంచి రాసినది.)

అందరికీ నమస్కారం. ఈరోజు మాట్లాడమన్నది పూల ఎగుమతుల ఆర్థికం గురించి. పూల ఎగుమతి అనగానే మనవాళ్లు హాలండ్ పేరు చెబుతారు. నేను హాలండ్ సంగతి పక్కన పెట్టి కెన్యా గురించి చెబుతాను. ఎందుకంటే హాలండ్ వాళ్ల దగ్గర పెట్టుబడి ఉంది, మార్కెట్ ఉంది, వందేళ్ల వేలం వ్యవస్థ ఉంది. కెన్యా దగ్గర అవేవీ లేవు. ఉన్నదల్లా ఎత్తు, ఎండ, చవకగా దొరికే మనుషులు, నైరోబీలో ఒక విమానాశ్రయం. వాటితోనే యూరోపియన్ యూనియన్ బయటి నుంచి కొనుక్కునే గులాబీల్లో మూడో వంతుకు పైగా అమ్మే స్థితికి వచ్చింది. అంత అమ్మే దేశంలో రైతుకు ఒక్క పువ్వు కాడకు ఎంత మిగులుతుంది? ఇదే మన ప్రశ్న. నేను చెప్పేదంతా ఈ ఒక్క ప్రశ్న చుట్టూనే తిరుగుతుంది.

ముందు చోటు సంగతి చూద్దాం. నైరోబీకి వాయవ్యంగా 90 కిలోమీటర్ల దూరంలో నైవాషా సరస్సు ఉంది. సముద్ర మట్టానికి దాదాపు 1,890 మీటర్ల ఎత్తు. భూమధ్యరేఖకు ఒక డిగ్రీ కూడా దూరం లేదు. అంటే ఏడాది పొడవునా పగలు పన్నెండు గంటలు, రాత్రి పన్నెండు గంటలు. పగటి ఎండ గట్టిగా ఉంటుంది, రాత్రి చల్లబడుతుంది. గులాబీకి ఇంతకంటే ఏం కావాలి? హాలండ్‌లో శీతాకాలం గ్రీన్‌హౌస్‌కు గ్యాస్ మండించి వేడి పెట్టాలి, పైన దీపాలు వెలిగించాలి. ఇక్కడ ఆ రెండు ఖర్చులూ లేవు. 2007లో బ్రిటన్‌లోని క్రాన్‌ఫీల్డ్ విశ్వవిద్యాలయం రెండు దేశాల గులాబీలనూ పోల్చింది. విమానంలో తెచ్చినది కలిపి లెక్కేసినా, కెన్యా గులాబీ వల్ల వెలువడిన కర్బనం హాలండ్ గులాబీతో పోలిస్తే ఐదో వంతు కూడా లేదని తేల్చింది.

మన దగ్గర సంగతి కూడా ఒక్క మాట. హోసూరు, బెంగళూరు పక్కన తాజ్‌మహల్ రకం ఎర్ర గులాబీ పండించి వాలెంటైన్స్ డేకి విదేశాలకు పంపుతున్నారు. అక్కడ ఎత్తు 900 మీటర్లు. హైదరాబాద్ 540 మీటర్లు. ఏప్రిల్, మే వచ్చేసరికి మన దగ్గర పువ్వు చిన్నదైపోతుంది, కాడ పొట్టిదైపోతుంది. పాలీహౌస్ వేసినవాళ్లకు ఈ సంగతి నేను చెప్పక్కర్లేదు. సబ్సిడీ ఎంతిచ్చినా ఎత్తును ఎవరూ ఇవ్వలేరు.

కెన్యాలో ఈ పరిశ్రమ పెద్ద ఎత్తున మొదలైంది 1969లో. డెన్మార్క్ కంపెనీ ఒకటి, డాన్స్క్ క్రిసాంథమమ్ కల్చర్, చామంతి పెట్టింది. తర్వాత కార్నేషన్ వచ్చింది, ఆ తర్వాత గులాబీ. 1988లో ఎగుమతి 11 వేల టన్నులకు కాస్త తక్కువ. 2006కి 86 వేల టన్నులు. 2018కి లక్షా 61 వేల టన్నులు, విలువ 11,300 కోట్ల కెన్యా షిల్లింగులు. మరుసటి ఏడాది 2019లో లక్షా 73 వేల టన్నులు దాటాయి. విలువ ఎంత? 10,400 కోట్లు. సరుకు పెరిగింది, డబ్బు తగ్గింది. కిలోకు 700 షిల్లింగులు వచ్చేది 600కి పడింది. ఒక్క ఏడాదిలో! ఎగుమతి పెరిగింది అని పేపర్లో చదివితే మనం సంతోషిస్తాం. రైతు సంతోషించాలంటే మాత్రం టన్నులు చూస్తే చాలదు.

ఒక కాడ లెక్క

ఇప్పుడు కాడ లెక్క వేద్దాం. కాగితం, పెన్ను ఉన్నవాళ్లు తీయండి. అంకెలు ఉదాహరణకు తీసుకున్నవి. తోటను బట్టి, రకాన్ని బట్టి, సీజన్‌ను బట్టి మారతాయి. కానీ ఏ ఖర్చు పక్కన ఏది నిలబడుతుందో తెలుస్తుంది.

50 సెంటీమీటర్ల కాడ. బరువు 25 గ్రాములు. అంటే కిలోకు 40 కాడలు. హాలండ్ వేలంలో 20 యూరో సెంట్లకు (యూరోలో వందో వంతు ఒక సెంటు) అమ్ముడైంది అనుకోండి.

అందులో మొదట విమానం కోత. కిలోకు 2 యూరోలు అనుకుంటే, నలభైతో భాగిస్తే, కాడకు 5 సెంట్లు. ఇక్కడ ఒక చిక్కుంది. విమానం వాళ్లు తూకం మాత్రమే చూడరు, పెట్టె పరిమాణం కూడా చూస్తారు. పొడవు, వెడల్పు, ఎత్తు సెంటీమీటర్లలో గుణించి 6,000తో భాగిస్తారు. 100, 40, 30 సెంటీమీటర్ల పెట్టె తీసుకోండి. లక్షా 20 వేల ఘన సెంటీమీటర్లు. 6,000తో భాగిస్తే 20 కిలోలు. లోపల 16 కిలోల పువ్వులే ఉన్నా 20 కిలోలకే కడతారు. నాలుగు కిలోల గాలికి డబ్బు కట్టినట్టు. అందుకే ప్యాకింగ్ చేసే మనిషి చేతి నేర్పు నేరుగా లాభంలో కనిపిస్తుంది. ఒక్క బంచ్ ఎక్కువ పడితే కాడ మీద పడే ఛార్జీ దిగుతుంది. అలాగని కుక్కి పెడితే రేకులు నలుగుతాయి, లోపలి వేడి బయటికి పోదు. ఆ మధ్య గీత ఎక్కడుందో తెలిసిన మనిషే ప్యాకింగ్ హాల్‌లో అందరికంటే విలువైన మనిషి.

తర్వాత పెట్టె, కాగితం, రబ్బరు బ్యాండు, నైరోబీకి లారీ, క్లియరెన్స్ కలిపి 1 సెంటు. హాలండ్‌లో దిగాక పెట్టె విప్పాలి, కాడ కింద కత్తిరించాలి, బకెట్‌లో నీళ్లలో పెట్టాలి, ట్రాలీ అద్దె, వేలం కమిషన్, ఏజెంటు కమిషన్. అన్నీ కలిపి 3 సెంట్లు. మొత్తం 9 పోయాయి. తోట గేటు దగ్గరికి వచ్చేది 11 సెంట్లు.

ఆ 11లో నుంచి ఏం పోతాయి? కూలీ 2 సెంట్లు. ఎరువులు, మందులు 2. కరెంటు, నీళ్లు 0.8. గ్రీన్‌హౌస్, కోల్డ్ రూమ్, పంపుల తరుగుదల 2. మేనేజర్లు, ఆఫీసు, వడ్డీ 1.5. ఇక రాయల్టీ. గులాబీ రకం ఎవరు పుట్టించారో వాళ్లకు మొక్కకు ఇంత అని కట్టాలి. కెన్యా 1999లో మొక్కల రకాల హక్కుల ఒప్పందం యూపొవ్‌లో చేరింది. చేరకపోతే జర్మనీ, హాలండ్ బ్రీడర్లు కొత్త రకాలు ఇవ్వరు. మొక్కకు సుమారు ఒక యూరో అనుకుందాం. చదరపు మీటరుకు 7 మొక్కలు, ఏడాదికి 180 కాడలు. అంటే మొక్కకు ఏడాదికి పాతిక కాడలు, ఆరేళ్లకు 150 కాడలు. యూరోని 150తో భాగిస్తే 0.7 సెంటు. చిన్నదే అనిపిస్తుంది. కానీ ఫ్యాషన్ మారి ఆ రంగుకు ధర లేక మూడేళ్లకే మొక్కలు పీకేస్తే? అదే 1.3 అవుతుంది. కొత్త రకం నాటినప్పుడు రైతు బ్రీడర్ ఊహ మీద పందెం కడుతున్నాడు.

మొత్తం కూడండి. 9 సెంట్లు. పదకొండులో తొమ్మిది పోతే రెండు. రెండు సెంట్లు మిగిలాయి.

ఈ రెండు సెంట్లను గుర్తుపెట్టుకోండి. ఇకపై నేను ఏ సంగతి చెప్పినా, అది ఈ రెండు సెంట్లను ఏం చేస్తుందో చూద్దాం.

వేలం గడియారం

వేలం సంగతి. మన హైదరాబాద్ గుడిమల్కాపూర్ పూల మార్కెట్లో ధర కింది నుంచి పైకి పాడతారు. హాలండ్ పూల వేలం జరిగే ఆల్స్‌మీర్ ఊళ్లో పైనుంచి కిందికి. గడియారం ముల్లు పెద్ద ధర దగ్గర మొదలై దిగుతూ ఉంటుంది. కొనేవాడు ఎక్కడ బటన్ నొక్కితే అక్కడ ఆగుతుంది. కొన్ని సెకన్లలో ఒక లాట్ అయిపోతుంది. ఆలస్యం చేస్తే వేరేవాడు తన్నుకుపోతాడు, తొందరపడితే తనే ఎక్కువ కట్టాలి. కొనేవాడి మీద ఒత్తిడి పెట్టే పద్ధతి కాబట్టి, సరుకు తక్కువగా ఉన్న రోజున రైతుకు మంచిది. సరుకు ఎక్కువైన రోజున అదే గడియారం రైతు మెడకు ఉరి. ముల్లు కనీస ధర కిందికి పోతే ఆ పువ్వు అమ్ముడుపోదు, చెత్తలోకి పోతుంది. విమానం ఛార్జీ మాత్రం అప్పటికే కట్టేసి ఉంటుంది!

గమనించండి, గడియారంలో అమ్మే రైతు ధర తెలియకుండానే తోట ఖర్చు 9 సెంట్లూ, పెట్టె, విమానం ఖర్చు 6 సెంట్లూ ముందుగా పెడుతున్నాడు. పువ్వు అతని ఆస్తిగానే ఆల్స్‌మీర్ దాకా వెళుతుంది. దారిలో ఏమైనా నష్టం అతనిదే.

ఆ వేలం హాలు కూడా అందరికీ ఎప్పుడూ తెరిచి లేదు. 1994లో హాలండ్ రైతుల ఒత్తిడితో ఆల్స్‌మీర్ వేలం దిగుమతి పువ్వులకు ఆంక్షలు పెట్టింది. వెంటనే తూర్పు ఆఫ్రికా పువ్వులు అమ్మేవాళ్లు 1995లో టెలి ఫ్లవర్ ఆక్షన్ పేరుతో సొంత వేలం పెట్టారు. కొనేవాడు హాలుకు రాకుండా కంప్యూటర్లోనే కొనడం అక్కడ నడిచింది. తర్వాత పాత వేలం కూడా తలుపు తెరిచింది, చివరికి ఆ దారే పట్టింది. ఈరోజు ఆ వేలం నడిపే రాయల్ ఫ్లోరాహాలండ్ సహకార సంఘంలో కెన్యా తోటలు కూడా సభ్యులు.

రెండో దారి, సూపర్‌మార్కెట్‌కు నేరుగా అమ్మడం. బ్రిటన్, జర్మనీ చెయిన్‌లు ఏడాదికి ఇంత సరుకు, ఇంత ధర అని మాట్లాడుకుంటాయి. ఫ్లోరాహాలండ్‌లో కూడా సగానికి పైగా వ్యాపారం ఇప్పుడు గడియారం బయటే జరుగుతోంది. నిలకడ ఉంటుంది. కానీ వాలెంటైన్స్ వారంలో గడియారం మీద ధర రెట్టింపైనా మీకు పాత ధరే. పువ్వు తక్కువ పంపితే జరిమానా. డబ్బు చేతికి రావడానికి నెలా రెండు నెలలు. అందుకే తెలివైన తోట మొత్తాన్ని ఒక్కచోట పెట్టదు. కొంత ఇటు, కొంత అటు. ఎంత శాతం ఎటు అన్నదే అక్కడ మార్కెటింగ్ మేనేజర్ అసలు పని.

వాలెంటైన్స్ ప్రస్తావన వచ్చింది కాబట్టి ఆ లెక్క కూడా చెబుతాను. ఫిబ్రవరి 14కి దుకాణంలో ఉండాలంటే, తోటలో కోత జనవరి చివరి నుంచి ఫిబ్రవరి 7 లోపు అయిపోవాలి. నైవాషా ఎత్తులో కొమ్మ తుంచిన దగ్గర్నుంచి పువ్వు కోతకు రావడానికి సుమారు 60 రోజులు. ఫిబ్రవరి 4న కోయాలంటే డిసెంబర్ 6న తుంచాలి. తిమావు లాంటి ఎత్తు ప్రాంతాల్లో పువ్వు పెద్దది, కానీ 80, 90 రోజులు పడుతుంది. కాబట్టి అక్కడ నవంబర్‌లోనే తుంచాలి. డిసెంబర్‌లో మబ్బు పట్టి రాత్రులు రెండు డిగ్రీలు ఎక్కువ చల్లబడితే పంట వారం వెనక్కి పోతుంది. ఫిబ్రవరి 15న కోసిన ఎర్ర గులాబీకి ఏం ధర వస్తుంది? 12 సెంట్లు వస్తే గొప్ప. ఎర్ర రంగు అయితే మరీ కష్టం, ఆ తర్వాత వారం దాన్ని ఎవరూ అడగరు. తర్వాత మార్చి 8 మహిళా దినోత్సవం తూర్పు యూరప్‌కు, ఎక్కువగా మార్చిలోనే బ్రిటన్ మదర్స్ డే. జూన్ నుంచి ఆగస్టు దాకా యూరప్‌లో ఇంటి తోటల్లోనే పువ్వులు పూస్తాయి, గడియారం మీద ధర పడిపోతుంది. మొక్క మాత్రం సెలవు తీసుకోదు, పూస్తూనే ఉంటుంది. ఏడాది లాభమంతా ఐదారు వారాల్లో వస్తుంది, మిగతా వారాలు ఖర్చులు గట్టెక్కితే చాలు అనుకునే తోటలు చాలా ఉన్నాయి.

చలి గొలుసు

ఇప్పుడు గ్రేడింగ్ హాల్‌కి వెళదాం. ఇక్కడ కాస్త ఆగుతాను, ఎందుకంటే డబ్బు ఎక్కువగా పోయేది ఇక్కడే.

ఉదయం చల్లగా ఉన్నప్పుడు కోత. మొగ్గ బయటి రేకులు ఒకటి రెండు వదులవుతున్న దశలో కోయాలి. మరీ బిగుసుకుని ఉంటే విచ్చుకోదు, మెడ వంగిపోతుంది. ఎక్కువ విచ్చితే దారిలోనే అయిపోతుంది. కోసిన వెంటనే బకెట్‌లో పెట్టాలి. నీళ్లలో అల్యూమినియం సల్ఫేట్ లేదా క్లోరిన్ బిళ్ల, నీటి పీహెచ్ నాలుగు దరిదాపుల్లో. ఎందుకు? కాడ లోపలి నాళాల్లో బ్యాక్టీరియా పెరిగితే నీళ్లు పైకి ఎక్కవు. వినియోగదారుడి ఇంట్లో మూడో రోజు తలవాల్చేది ఆ పువ్వే. ఆ తప్పు నైవాషాలో ఉదయం ఏడు గంటలకు జరిగి ఉంటుంది.

తర్వాత 2 నుంచి 4 డిగ్రీల కోల్డ్ రూమ్‌లో కనీసం నాలుగు గంటలు నీళ్లు తాగాలి. ఆపైన గ్రేడింగ్ బల్ల. కింది మూడో వంతు ఆకులు, ముళ్లు తీస్తారు. బల్ల మీద గీతలుంటాయి, 40, 50, 60, 70 సెంటీమీటర్లని. పది సెంటీమీటర్ల పొడవు తేడాకు వేలంలో మూడు నాలుగు సెంట్ల తేడా రావచ్చు. ఇప్పుడు మన రెండు సెంట్లు గుర్తు తెచ్చుకోండి. 49 సెంటీమీటర్ల కాడ 40లోకి పోతుంది. మొక్క మీద ఒక కన్ను (చిగురు వచ్చే కణుపు) పైకి కోసిన మనిషి కత్తెర మొత్తం లాభాన్ని కోసేసింది. అందుకే కోత మనుషులకు కన్ను లెక్క నేర్పడం మీద ఖర్చు పెట్టిన తోట బాగుపడింది.

పది లేక ఇరవై కాడలు ఒక బంచ్, తలలు ఒక వరుసలో, చుట్టూ ముడతల అట్ట, కింద రబ్బరు బ్యాండు. మళ్లీ కోల్డ్ రూమ్. రాత్రికి చల్లటి లారీలో నైరోబీ. అక్కడ వాక్యూమ్ కూలింగ్, అంటే గాలి లాగేసి చల్లబరచడం. ఎనిమిది గంటలు విమానం. ఆమ్‌స్టర్‌డామ్ లేదా బెల్జియంలోని లియేజ్‌లో దిగి మరునాటి వేలానికి. కోత నుంచి అమ్మకానికి రెండు మూడు రోజులు.

ఈ చలి గొలుసు తెగిపోయేది ఎక్కడ? విమానం పక్కన, ఆరుబయట. ప్యాలెట్ రెండు గంటలు ఎండలో ఉంటే పెట్టె లోపల వేడెక్కుతుంది. మళ్లీ చల్లబడినప్పుడు రేకుల మీద తేమ చేరుతుంది. ఆ తేమలో బొట్రైటిస్ అనే బూడిద రంగు బూజు మొలకెత్తుతుంది. నైవాషాలో కోసినప్పుడు ఏమీ కనపడదు. ఆల్స్‌మీర్‌లో పెట్టె విప్పాక రేకు మీద గుండుసూది తలంత బూడిద చుక్క. వేలం వాళ్లు ఆ లాట్ మీద ఆ మాట రాసి పెడతారు. ధర సగం. నైవాషాలో ఓసేరియన్ అనే తోట ఈ తేమతోనే పోరాడింది. హెల్స్ గేట్ జాతీయ పార్కు పక్కనుంచి వచ్చే భూతాప ఆవిరితో నీళ్లు వేడి చేసి, 50 హెక్టార్ల గ్రీన్‌హౌస్‌లలో తిప్పి తెల్లవారుజామున తేమ తగ్గించింది. చలికి కాదు ఆ వేడి, బొట్రైటిస్‌కు.

ఇక పురుగు. ఫాల్స్ కాడ్లింగ్ మాత్ అని ఒక రెక్కల పురుగు. దాని లార్వా మొగ్గలోకి దూరుతుంది, బయటికి కనపడదు. యూరోపియన్ యూనియన్ దిగుమతి తనిఖీలో ఒక్కటి దొరికినా ఆ సరుకు పోయినట్టే. 2025 ఏప్రిల్ 26 నుంచి గులాబీలకు నిబంధన మరింత గట్టిపడింది. తోట నమోదు కావాలి. ఎర బుట్టలు, వారం వారం లెక్క, గ్రేడింగ్‌లో మొగ్గల పరీక్ష, కెఫిస్ అనే ప్రభుత్వ సంస్థ తనిఖీ, ప్రతి దశకూ రికార్డు. పెద్ద తోటకు ఇది ఇంకో ఇద్దరు ముగ్గురు మనుషుల జీతం. చిన్న తోటకు? ఎగుమతి మానేయడమే దారి కావచ్చు. నిబంధన తప్పని అనను. కానీ దాని ఖర్చు ఎకరాల మీద పంచుకుంటారు కాబట్టి చిన్నవాడి మీదే ఎక్కువ పడుతుంది. ఇది మన రైతు సంఘాలు గట్టిగా ఆలోచించాల్సిన విషయం.

రెండు సెంట్లను తాకినవి

ఇప్పుడు దేశం స్థాయిలో చూద్దాం. 2014 అక్టోబర్ 1. తూర్పు ఆఫ్రికా దేశాలు యూరప్‌తో వాణిజ్య ఒప్పందం గడువులోగా పూర్తి చేయలేదు. కెన్యా పువ్వుల మీద సుంకం పడింది. గులాబీకి సుంకం నవంబర్ నుంచి మే దాకా 8.5 శాతం, జూన్ నుంచి అక్టోబర్ దాకా 12 శాతం. మన కాడ విలువ దిగుమతి దగ్గర 17 సెంట్లు అనుకుంటే 8.5 శాతం అంటే 1.4 సెంట్లు. 12 శాతం అంటే 2 సెంట్లు. లాభం మొత్తం. పక్కనున్న ఇథియోపియాకు ఆ బాధ లేదు, అల్పాభివృద్ధి దేశం కాబట్టి సుంకం సున్నా. కెన్యాకు ఆ హోదా లేదు. డిసెంబర్ 25న మళ్లీ మినహాయింపు వచ్చింది. శాశ్వత ఒప్పందం మీద 2023 డిసెంబర్ 18న సంతకాలయ్యాయి, 2024 జూలై 1 నుంచి అమల్లోకి వచ్చింది. తొమ్మిదేళ్లు ఆ అనిశ్చితి మీదే గ్రీన్‌హౌస్‌లు కట్టాలా వద్దా అని లెక్కలు వేశారు.

ఇథియోపియా అన్నాను కదా. నైవాషాలో షేర్ అనే పెద్ద గులాబీ తోట ఉండేది. దాని డచ్ యజమానులు 2005 ప్రాంతంలో ఇథియోపియాలో జివాయ్ సరస్సు ఒడ్డున కొత్త తోట మొదలుపెట్టారు. నైవాషా తోటను 2007లో బెంగళూరు కంపెనీ కరుటూరి కొంది. అప్పట్లో మన పత్రికలు ప్రపంచంలోనే పెద్ద గులాబీ కంపెనీ అని రాశాయి. 2014లో ఆ నైవాషా తోట బ్యాంకు బకాయిల మీద రిసీవర్ (అప్పు రాబట్టడానికి నియమించే అధికారి) చేతికి వెళ్లింది. వేల మంది కూలీలు జీతాల కోసం రోడ్డెక్కారు. కాడకు రెండు సెంట్లు మిగిలే వ్యాపారం పెద్ద అప్పు మోయలేదు.

రాజకీయం, ప్రకృతి కూడా. 2008 జనవరి చివర్లో ఎన్నికల తర్వాతి హింస నైవాషాకు పాకింది, సరిగ్గా వాలెంటైన్స్ కోత ముందు. పువ్వుల లారీలు పోలీసు కాపలాతో నైరోబీ వెళ్లాయి. 2010 ఏప్రిల్‌లో ఐస్‌లాండ్ అగ్నిపర్వతం బూడిదకు యూరప్ ఆకాశం మూతపడింది. పువ్వులు కోసి కంపోస్టు గుంటల్లో పోశారు. కోయకుండా వదిలేయొచ్చు కదా అనుకోవచ్చు. వదిలేస్తే మొక్క మీదే విచ్చుకుని రోగాలు పెరుగుతాయి, తర్వాతి చిగురు ఆలస్యమవుతుంది. పారబోయడానికైనా కోయాల్సిందే, కూలీ ఇవ్వాల్సిందే. 2020 మార్చి మధ్యలో కోవిడ్‌కు వేలం ధరలు కూలాయి. తర్వాత గిరాకీ తేరుకుంది, కానీ ప్రయాణికుల విమానాలు ఆగిపోయాయి కాబట్టి వాటి పొట్టలో వెళ్లే సరుకు స్థలం పోయింది. విమానం ఛార్జీ ఎంతో పెరిగింది. కిలోకు ఒక యూరో పెరిగితే కాడకు ఎంత? 2.5 సెంట్లు. రెండు సెంట్ల లాభం అర సెంటు నష్టమైంది.

మారకం విలువ మరీ చిత్రం. 2024 జనవరిలో డాలర్‌కు 160 షిల్లింగులు. కొన్ని వారాల్లోనే 130కి దగ్గరకు వచ్చింది. దేశం బలపడింది అని అందరికీ సంతోషం. పూల తోటకు? అమ్మకం యూరోలో, కూలీ, కరెంటు, లారీ షిల్లింగుల్లో. కాడకు 4 సెంట్ల షిల్లింగు ఖర్చు ఉంటే అది దాదాపు 5 అయింది. లాభం సగం పోయింది. పైగా ఎగుమతి మీద పన్ను సున్నా కాబట్టి ముందు కట్టిన వ్యాట్ ప్రభుత్వం తిరిగివ్వాలి. అది ఆలస్యమైన నెలలన్నీ తోట బ్యాంకుకు వడ్డీ కడుతుంది.

ఇక మనుషులు. కూలీ 2 సెంట్లు అన్నాను కదా, అందులో ఎక్కువ భాగం ఆడవాళ్లది. జీతాలు యజమానుల సంఘం, కార్మిక సంఘం కలిసి కుదుర్చుకునే ఒప్పందం ప్రకారం నడుస్తాయి. నైవాషా పక్కన కరగీటా లాంటి బస్తీల్లో ఒక్క గదిలో కుటుంబం ఉంటుంది. ఫెయిర్‌ట్రేడ్ (కూలీలకు న్యాయం చేసినట్టు ముద్ర ఉన్న) పువ్వు అయితే ధర మీద 10 శాతం అదనంగా వస్తుంది, అది కూలీల కమిటీ చేతికి వెళుతుంది. బడులు, ఆసుపత్రి, పిల్లల చదువులకు వాడారు. మంచిదే. కానీ అది జీతం కాదు, ఫెయిర్‌ట్రేడ్ కింద అమ్ముడైన పువ్వుకే వస్తుంది. ఒక లెక్క చెబుతాను. ఆ కూలీ రెట్టింపైతే తోట లాభం సున్నా. అదే భారం దుకాణం మోస్తే? పది గులాబీల కట్ట నాలుగు యూరోలనుకోండి, దాని మీద 20 సెంట్లు. ఐదు శాతం. ఆ ఐదు శాతం కొనేవాడు గమనించను కూడా గమనించడు. తోట మాత్రం మునిగిపోతుంది. న్యాయం ఎక్కడ అడగాలో ఈ లెక్కే చెబుతుంది.

నీళ్లు. ఒక కాడకు 7 నుంచి 13 లీటర్ల నీళ్లు పడతాయని ఒక అధ్యయనం అంచనా. నైవాషా మంచినీటి సరస్సు, 1995 నుంచి రామ్‌సర్ అంతర్జాతీయ ఒప్పందం కింద గుర్తించిన చిత్తడి నేల. 2009లో బాగా ఎండింది, 2010 ఫిబ్రవరిలో చేపలు గుట్టలుగా చచ్చాయి. 2020లో అదే సరస్సు ఉప్పొంగి తోటల్లోకి, ఇళ్లలోకి వచ్చింది. నా లెక్కలో నీళ్లకు పెట్టిన అంకెలో పంపు కరెంటు, ఫీజు ఉన్నాయి, సరస్సు విలువ లేదు. మంచి తోటలు ఇప్పుడు మట్టి మానేసి ప్యూమిస్ రాయిలోనో కొబ్బరి పొట్టులోనో పెంచుతున్నాయి. ఆ పొట్టులో కొంత మన దక్షిణ భారతం నుంచే వెళుతుంది. కింద కారిన నీళ్లను పట్టి, రోగక్రిములు చంపి, మళ్లీ వాడతారు. నీళ్లతోపాటు ఎరువూ తిరిగొస్తుంది కాబట్టి ఇది ఖర్చు తగ్గించే పని కూడా. శుద్ధి సరిగ్గా చేయకపోతే మాత్రం ఒక బెడ్‌లో ఉన్న వేరు కుళ్లు మొత్తం తోటకు పంచినట్టే.

చివరిగా ఓడ. అక్కడ ఇప్పుడు అందరూ మాట్లాడుతున్నది ఇదే. 2030కి సగం పువ్వులు సముద్రం మీద పంపాలన్నది పరిశ్రమ లక్ష్యం. కెన్యా రేవు మొంబాసా నుంచి హాలండ్ రేవు రోటర్‌డామ్‌కు సూయజ్ మీదుగా నాలుగు వారాలు. ఛార్జీ విమానంలో సుమారు సగం. అంటే కాడకు 2.5 సెంట్లు మిగులు, లాభం రెట్టింపు కంటే ఎక్కువ. మరి అందరూ ఎందుకు వెళ్లడం లేదు? నాలుగు వారాలు 0.5 డిగ్రీ దగ్గర, తేమ సరిచూసి, బొట్రైటిస్ మందు ముందే వేసి, కాస్త బిగుసుకున్న మొగ్గ కోయాలి. అన్ని రకాలూ తట్టుకోవు. ఒకే రంగు, ఒకే ఎరువు, ఒకే కోత దశ అయినా ఒక రకం 30వ రోజున దిగాక పది రోజులు నిలుస్తుంది, పక్క రకం రెండో రోజే రేకు రాలుస్తుంది. కంటైనర్‌లో కరెంటు ఒక్క రాత్రి పోతే మొత్తం పోయినట్టే. నెల ముందే కోస్తారు కాబట్టి నెల డబ్బు ఓడలో ఉంటుంది. గడియారం మీద ధర పెరిగిందని అప్పటికప్పుడు పంపడం కుదరదు. కాబట్టి ఓడ పువ్వు సూపర్‌మార్కెట్ ఒప్పందానికి పనికొస్తుంది, వాలెంటైన్స్ గడియారానికి విమానమే. పైగా 2023 చివరి నుంచి ఎర్ర సముద్రంలో ఓడల మీద దాడులతో చాలా నౌకలు ఆఫ్రికా చుట్టూ కేప్ మీదుగా తిరిగి వెళ్లాయి, అదనంగా పది రోజులో రెండు వారాలో. 28 రోజులకు పరీక్షించిన రకం 40 రోజులు ఆగుతుందా? ఇప్పుడు నైవాషా కోల్డ్ రూమ్‌లలో పువ్వులను 40 రోజులు పెట్టెలో ఉంచి, తీసి, నీళ్లలో పెట్టి రోజులు లెక్కపెట్టడం అందుకే. ఆ పరీక్షలో నిలిచిన రకాలనే వచ్చే సీజన్‌కు నాటుతారు.

నేను చెప్పాలనుకున్నది ఇంతే. ఇక మీ ప్రశ్నలు అడగండి.